నిమ్మ ఉప్పు కాఫీ

మా ఇంట్లో కాఫీ ఎలా ఉందో మొదట చెప్పే హక్కు ఒక్కరికే ఉంది. ఆయన కప్పు కింద పెట్టి, పెదవులు ఒకసారి లోపలికి మడిచి, "ఊఁ" అనేవరకూ నేను గానీ మా అత్తగారు గానీ నోరు మెదపకూడదు. బాగుందనకూడదు, చల్లారిందనకూడదు, కనీసం మొహం కూడా చిట్లించకూడదు. పెళ్లైన కొత్తలో ఇదేం విడ్డూరమని చాటుగా నవ్వుకునేదాన్ని. తర్వాత తర్వాత అలవాటైపోయింది.

నిజానికి ఈ రూలు ఆయన పెట్టింది కాదు, ఆయన ఉద్యోగం పెట్టింది. మావారు కాఫీ రుచి చూసే మనిషి. ఒక్క కప్పుకి సరిపడా పొడిని చిన్న ప్లాస్టిక్ గిన్నెలో నింపి, పైన రేకు మూత అంటించి అమ్మే ఫ్యాక్టరీలో పని. ఆ గిన్నెల్ని పాడ్‌లంటారు. ఒకటి మిషన్లో పెట్టి మీట నొక్కితే కప్పు నిండుతుంది. ప్రతి కొత్త సరుకూ గేటు దాటేముందు ఆయనా ఇంకో నలుగురూ ఓ గదిలో కూర్చుని, చెంచాతో జుర్రి, ఉమ్మేసి, మార్కులు వేస్తారు. ఆ గదిలో మాట్లాడకూడదు. ఒకరు "పొగ వాసన" అన్నారంటే పక్కవాళ్ల నాలుక్కీ పొగే తగులుతుందట. ఫ్యాక్టరీలో అందరూ ఆయన్ని 'నాలుక గారు' అంటారు. వెటకారం కాదు, గౌరవంగానే అంటారు. ఆ గది నియమాన్ని ఆయన మా భోజనాల బల్ల దాకా మోసుకొచ్చారు.

అలా ఏళ్ల తరబడి ఆయన "ఊఁ" కోసం ఎదురుచూసి చూసి, మా నాలుకలకి సొంత అభిప్రాయమంటూ లేకుండా పోయింది. మా అత్తగారి సంగతైతే చెప్పక్కర్లేదు. కొడుకు తానా అంటే ఆవిడ తందానా. "అవునురా, నాకూ అదే అనిపించింది" అనడం ఆవిడకి ఊపిరి తీసుకున్నంత తేలిక.

అలాంటిది ఒక రోజు పొద్దున్న ఆయన కప్పు కింద పెట్టి "ఊఁ" అనలేదు. "మిషన్ పాడైంది" అన్నారు.

"ఏమైందండీ?"

"ఏ రుచీ లేదు. అట్టముక్క నానబెట్టి పిండినట్టుంది. లోపల ఏదో అడ్డం పడినట్టుంది, చూడు."

"అవునురా, నాకూ అట్టముక్కలాగే తగిలింది" అన్నారు అత్తగారు. నేను ఇంకో గుక్క తాగి చూశాను. ఏం చెప్పను, నాకూ అట్టముక్కే తగిలింది.

ఇంకెప్పుడైనా అయితే ఇంత కంగారు పడేదాన్ని కాదు. పడేదాన్నేలెండి, నా సంగతి నాకు తెలుసు. గ్యాసు కట్టేశానో లేదో చూడటానికి వీధి చివర నుంచి వెనక్కి వచ్చే రకాన్ని నేను. కానీ ఈసారి కంగారుకి కారణం ఉంది. ఏడాదికోసారి ఆ గదిలో వాళ్లకి పరీక్ష పెడతారు. మూడు కప్పులు ముందు పెడతారు. రెండింట్లో ఒకటే కాఫీ, ఒకదాంట్లో వేరేది. ఆ వేరేదాన్ని పట్టుకోవాలి. అలా ఎన్నో వరసలు. తప్పినవాళ్లని ఆ గదిలోంచి తీసేస్తారు. కిందటేడు ఒకాయన తప్పితే ప్యాకింగు గోడౌన్‌కి పంపారు, ఆయన మళ్లీ ఎవరితోనూ సరిగ్గా మాట్లాడలేదట. ఈ ఏటి పరీక్ష దగ్గరపడింది. మావారు ఇంట్లో సాధన చేసేది ఈ మిషన్ మీదే. పైగా జలుబు చేసి, సెలవు పెట్టి, అది తగ్గాక అప్పుడప్పుడే మళ్లీ పనిలోకి వెళ్తున్నారు.

"ఈ మిషన్ బాగుపడకపోతే నా నాలుక చెడిపోతుంది. రోజూ ఈ నీళ్లు తాగితే పరీక్షలో ఏం పట్టుకుంటాను?" అన్నారు ఆయన.

ఆ మాటతో నా గుండెల్లో రాయి పడింది. ఎందుకంటే ఇంట్లో ఏది పాడైనా చూసేది నేనే. కళ్లజోళ్ల షాపులో పని నాది. ఆవగింజంత మరలు బిగించడం, ఫ్రేములు వేడిచేసి వంచడం, అద్దాలు అరగదీసి కూర్చోబెట్టడం. ఆయన చేతికి స్క్రూడ్రైవర్ ఇస్తే దాన్ని కూడా రుచి చూస్తాడని అత్తగారు ఎగతాళి చేస్తుంటారు. కాబట్టి మిషన్ బాధ్యత నాది, మిషన్ మీద పరీక్ష, పరీక్ష మీద ఆయన ఉద్యోగం. నా బుర్ర ఇలాంటి లెక్కలు మహా వేగంగా కడుతుంది.

ముందు సూదుల పని పట్టాను. ప్లగ్గు పీకి, చల్లారనిచ్చి, మిషన్ నోరు తెరిచి చూస్తే పైన ఒక బోలు సూది ఉంటుంది. అదే పాడ్ మూతని పొడిచి వేడినీళ్లు లోపలికి వదిలేది. పాడ్ కూర్చునే గిన్నె అడుగున ఇంకో సూది, కాఫీ బయటికి రావడానికి. పై సూది పక్కన ఉన్న బెజ్జంలో పొడి గట్టిపడి ఉంది. కాగితాలకి పెట్టే పిన్నుని తిన్నగా సాగదీసి, చేతికి గుచ్చుకోకుండా మెల్లగా తోడాను. తర్వాత పాడ్ లేకుండా ఉత్త వేడినీళ్లు వదిలాను. నల్లటి నలుసులు వచ్చాయి. హమ్మయ్య, దొంగ దొరికాడనుకున్నాను.

ఆయన తాగారు. కప్పు కింద పెట్టారు. "అలాగే ఉంది."

"అలాగే ఉందే" అన్నారు అత్తగారు నా వైపు జాలిగా చూసి.

మర్నాడు పంపు మీద పడ్డాను. మిషన్ నీళ్లు లాగేటప్పుడు ఒక్కోసారి గరగరమంటోంది. ట్యాంకు తీసి మళ్లీ పెట్టేటప్పుడు గొట్టంలో గాలి చిక్కుకుంటే అలా అంటుంది. ట్యాంకు తీసి, నిండా నీళ్లు పోసి, చేత్తో తట్టి, గట్టిగా అదిమి కూర్చోబెట్టి రెండుసార్లు నీళ్లు వదిలితే గాలి బుడగ పోయింది, మోత ఆగింది. కొలగ్లాసులో పట్టి చూశాను, నీళ్లు పడాల్సినంతా పడుతున్నాయి. షాపు నుంచి థర్మామీటర్ తెచ్చి కప్పులో ముంచాను. వేడి ఉండాల్సినంత ఉంది. ట్యాంకులో బొగ్గు ఫిల్టరు పాతదైతే నీళ్లకి వాసన వస్తుందని అదీ మార్చాను.

"ఎలా ఉందండీ?"

"అట్టముక్క."

ఈసారి విసుగ్గా అన్నారు. ఆయన విసుక్కోవడం నాకు కొత్త. మా ఇంట్లో ఆ పని నాది. ఆయన చల్లగా ఉంటారు, నేను చిటపటలాడుతుంటాను, సంసారం అలా సర్దుకుపోయింది. ఇప్పుడు ఇద్దరం చిటపటలాడటం మొదలుపెట్టేసరికి అత్తగారు టీవీ సౌండు పెంచేవారు.

పాడ్ చుట్టూ బిగిసే రబ్బరు అరిగిపోతే నీళ్లు పక్కనుంచి జారిపోయి కాఫీ పలచనవుతుంది. చూస్తే అంచు కొంచెం తిన్నట్టే ఉంది. మధ్యాహ్నం భోజనం మానేసి విడిభాగాల కొట్టుకి పరుగెత్తాను. కొట్టాయన రబ్బరు చుట్టు తీసి ఇస్తూ, "కారుతోందా అమ్మా?" అని అడిగాడు.

"కారట్లేదు. రుచి రావట్లేదు."

"రుచికి పార్టు రాదమ్మా" అని నవ్వాడు. నాకు ఒళ్లు మండింది. మనిషి ప్రాణం మీదికొచ్చి కూర్చుంటే ఇతగాడికి పరాచికాలు.

కొత్త రబ్బరు వేశాక ఆయన సాధనకి కూర్చున్నారు. కంపెనీవాళ్లు పేరు లేని రేకులు చుట్టిన పాడ్‌లు రెండు రకాలు ఇచ్చారు. ఆయన్ని ముందు గదిలో కూర్చోబెట్టి, నేను వంటింట్లో రెండు కప్పులు ఒక రకం, మూడోది ఇంకో రకం పట్టి, ఏది ఏదో గుర్తుకి కప్పుల అడుగున రంగు చుక్కలు అంటించి, తీసుకెళ్లి వరసగా పెట్టాను. మోసుకెళ్తుంటే మధ్య కప్పు నుంచి కాస్త మాడిన వాసన తగిలినట్టనిపించింది. అదే వేరే రకం. కానీ నేనెంత, నా ముక్కెంత, చుక్క చూశాను కాబట్టి అలా అనిపించిందేమో అనుకుని నోరు మూసుకున్నాను.

ఆయన ఒక్కో కప్పూ ఎత్తి జుర్రారు. మళ్లీ మొదటికొచ్చారు. మళ్లీ జుర్రారు. నుదుటి మీద చెమట పట్టింది. చివరికి మూడోది తోసి, "ఇది" అన్నారు.

నేను మధ్య కప్పు తిప్పి చూపించాను.

"ఇంకోసారి పెట్టు."

ఇంకోసారి పెట్టాను, తప్పారు. కప్పులు మార్చి పెట్టాను, తప్పారు. ఆయన లేచి వెళ్లి మిషన్ నెత్తి మీద అరచేత్తో ఒక్కటిచ్చారు. "అన్నీ ఒకేలా దింపుతోంది ఇది! దీన్ని పెట్టుకుని నేనేం సాధన చేయను?" అన్నారు.

ఆ గొంతులో కోపం కంటే భయమే ఎక్కువ వినపడింది. పరీక్ష సోమవారం పొద్దున. ఆ వారమంతా షాపులో ఒకాయనకి దూరపు అద్దం దగ్గరికీ, దగ్గరి అద్దం దూరానికీ వేసి చీవాట్లు తిన్నాను.

ఇక మిగిలింది సున్నం. నీళ్లలోని సున్నం మిషన్ కడుపులో పొరలు పొరలుగా పేరుకుంటుంది. అది వదిలితే గానీ లాభం లేదనిపించింది. ఆదివారం మధ్యాహ్నం ఆయన క్షవరానికి వెళ్లగానే కొంగు బిగించాను. ట్యాంకు నిండా వేడినీళ్లు పోసి అందులో నిమ్మ ఉప్పు కలిపాను. కాస్త ఎక్కువే కలిపాను, కసి మీద ఉన్నాను కదా. పాడ్ లేకుండా చాలావరకు నీళ్లు వదిలి, చివరి రెండు కప్పుల నీళ్లు మిషన్ కడుపులోనే ఉండనిచ్చి, మీట ఆపేశాను. ఆ పులుపు నీళ్లు లోపల కాసేపు నానాలి. ఈలోగా ట్యాంకు కడిగి, తర్వాత జాడించడానికి సిద్ధంగా మంచినీళ్లు పోసిపెట్టాను. అంతలో పైవాటా ఆవిడ కళ్లజోడు కాడ విరిగిందని పిలిచింది. రెండు నిమిషాల పనే కదా అని వెళ్లాను. ఆవిడ నన్ను రెండు నిమిషాల్లో వదిలితే ఈ కథే లేదు.

దిగి వచ్చేసరికి గుమ్మంలోకే కాఫీ వాసన కొట్టింది. నా పై ప్రాణాలు పైనే పోయాయి.

వంటింటి బల్ల దగ్గర తల్లీకొడుకులు కూర్చుని ఉన్నారు. కొత్తగా కత్తిరించిన జుట్టుతో ఆయన, ఆయన ఎదురుగా అత్తగారు. ఇద్దరి ముందూ కప్పులు. ఆయన అలవాటు కొద్దీ మొదటి కప్పు తల్లికి పట్టి, రెండోది తాను తీసుకున్నారు. అంటే మిషన్ కడుపులో నానుతున్న నిమ్మ ఉప్పంతా ఆ రెండు కప్పుల్లోనే దిగింది. అత్తగారి కళ్లు చెమర్చి ఉన్నాయి. దవడలు బిగుసుకుపోయి ఉన్నాయి. కానీ నియమం నియమమే, ఆవిడ కిక్కురుమనలేదు. కొడుకు మాట కోసం చూస్తున్నారు.

నేను "ఆగండి" అనబోయాను. ఈలోపే ఆయన కప్పు కింద పెట్టారు, పెదవులు మడిచారు.

"ఊఁ" అన్నారు.

ఆ "ఊఁ" విని ఎన్నాళ్లయిందో. ఆయన మొహం చూస్తే దీపం పెట్టినట్టుంది. "చూశావా, బాగు చేశావు నువ్వు! రుచి వచ్చింది. ఈ పులుపు చూడు, ఎంత శుభ్రంగా ఉందో. మంచి కాఫీ గింజకి ఉండే పులుపంటే ఇదే. ఇన్నాళ్లూ ఇదే దొరకలేదు నాకు."

"అవునురా" అన్నారు అత్తగారు. గొంతు పెగల్లేదు, మళ్లీ అన్నారు. "నాకూ... అదే అనిపించింది."

నేను ఆయన కప్పు లాక్కుని ఒక గుక్క తాగాను. కాదు, తాగలేకపోయాను. సింకులో ఉమ్మేశాను. పళ్లు జివ్వుమన్నాయి. చిన్నపిల్లలు కూడా నోట్లో పెట్టుకోగానే ఏడ్చే పులుపు.

"ఏమైంది?" అన్నారు ఆయన.

"కాలింది" అన్నాను.

ఎందుకలా అన్నానో చెప్తాను. ఆ మొహంలో ఆ వెలుగు చూశాక నాకు ఇంకో మాట రాలేదు. ముందు వచ్చిన భయం, వీళ్లకేమన్నా అవుతుందేమోనని. అది నిమ్మ ఉప్పే, వంటల్లో వేసుకునేదే, ఏమీ కాదని నాకు నేను చెప్పుకున్నాను. అది తగ్గగానే దాని వెనక నిలబడి ఉన్న భయం బయటికొచ్చింది. ఇంత పులుపులో కాఫీ ఏమైందో ఈయనకి తెలియలేదు. తెలిసిందల్లా పులుపొక్కటే. ఇన్నాళ్లలో ఆయన నోటికి అందింది అదొక్కటే.

మా షాపుకి రోజూ ఎవరో ఒకరు వచ్చి, "ఈ కళ్లజోడు పాడైంది, మార్చండి" అంటారు. మేం అద్దం తుడవం, ఫ్రేము వంచం. ముందు కంటి పరీక్షకి కూర్చోబెడతాం. చాలాసార్లు మారింది కళ్లజోడు కాదు, కన్ను. రోజూ పదిమందికి చేసే పని ఇంట్లో చేయాలని నాకు తోచలేదు. ఆయన మిషనంటే మిషనే అనుకున్నాను. సూదులు తోడి, పంపు తట్టి, రబ్బరు మార్చి, మిషన్‌కి ఉన్నవీ లేనివీ అన్ని రోగాలూ కుదిర్చాను.

మిషన్ని మూడుసార్లు మంచినీళ్లతో జాడించి, ఒక పాడ్ పెట్టి, ఒక్కదాన్నే నిలబడి తాగాను. కాఫీ బాగుంది. నా నాలుక ఆ మాట అనడానికి ఎంత జంకిందో చెప్పలేను. మళ్లీ తాగాను. నిజంగానే బాగుంది. బహుశా మొదట్నుంచీ బాగానే ఉంది.

అయినా నేను పొరపాటు పడి ఉండొచ్చని ఆశ. సాయంత్రం ఆయన ముందు గదిలో కూర్చుని, రేపటికని చొక్కాకి ఊడిన బొత్తాం కుట్టుకుంటున్నారు. ఈల కూడా వేస్తున్నారు. నేను పక్కనే కూర్చుని, అత్తగారి కళ్లజోడు తీసి, షాపు నుంచి తెచ్చిన స్పిరిట్ సీసా మూత తెరిచాను. గుడ్డ బాగా తడిపాను. అద్దాలు తుడుస్తూ సీసా ఆయన మోచేతి పక్కన పెట్టాను. ఆ ఘాటుకి నాకే తల తిరిగింది. ఆయన దారం కొరికి, ఈల వేస్తూనే ఉన్నారు.

లోపలి గదిలోంచి అత్తగారి గొంతు వినిపించింది. "ఏంటమ్మాయ్ ఆ కంపు? తలనొప్పొస్తోంది నాకు."

ఈల ఆగింది. ఆయన తలెత్తి సీసా వంక చూశారు. తర్వాత నా వంక.

"అవును. కంపు కొడుతోంది, మూత పెట్టు" అన్నారు.

తల్లి అన్నాక అన్నారు, అదీ సీసా చూశాక. అది ఇద్దరికీ తెలిసింది. నా కళ్లల్లో నీళ్లు తిరిగాయి.

"ఎప్పట్నుంచండీ?" అన్నాను.

"ఏంటి ఎప్పట్నుంచి? మిషన్ బాగుపడిందిగా. మధ్యాహ్నం కాఫీ ఎంత బాగుంది!"

"మధ్యాహ్నం మీరు తాగింది నిమ్మ ఉప్పు. సున్నం వదలడానికి పోశాను. మిషన్‌కి ఏ రోగమూ లేదండీ."

ఆయన చేతిలోని సూది అలాగే ఉండిపోయింది. అగ్గి మీద గుగ్గిలం అవుతారనుకున్నాను. అవలేదు. "జలుబు తగ్గింది గానీ వాసన తిరిగి రాలేదు" అన్నారు మెల్లగా. "రేపొస్తుంది, ఎల్లుండొస్తుంది అనుకున్నాను. సబ్బు వాసన రాదు. వాన పడితే మట్టి వాసన రాదు. కాఫీ నోట్లో పోసుకుంటే వేడిగా ఉందని తెలుస్తుంది, చేదని తెలుస్తుంది, అంతే. మిషన్‌లో తప్పుంటే బాగుండునని రోజూ దాని మీదే ఆశ పెట్టుకున్నాను. నువ్వు ఒక్కోటీ బాగుచేసి తెస్తుంటే నాకు భయం పెరిగిపోయేది."

"మరి ఫ్యాక్టరీలో?"

ఆయన సూది చొక్కాకి గుచ్చి పెట్టారు.

"గదిలో నా పక్కన కూర్చునే ఆవిడ మొహం చూస్తున్నాను" అన్నారు. "చెంచా నోట్లో పెట్టుకోగానే ఆవిడ కనుబొమ్మ కదులుతుంది. కదిలితే మార్కు తగ్గిస్తాను, లేకపోతే వేసేస్తాను. శుక్రవారం ఒక పెద్ద సరుకు పాస్ చేశాను. అందులో ఏముందో నాకు తెలీదు."

"రేపు పరీక్షలో మొహాలు చూడనివ్వరుగా?"

"ఒక్కొక్కరినీ విడిగా కూర్చోబెడతారు. గుడ్డిగా ఎత్తుతాను. మూడింట్లో ఒకటేగా, తగలకపోతుందా? కొన్నాళ్లు గడిస్తే వాసన అదే వస్తుంది. ఇప్పుడే చెప్తే గదిలోంచి తీసేస్తారు. అక్కణ్నుంచి తీసేస్తే నేనెవర్ని? నాలుక గారు అనేవాళ్లు ఇంక ఏమని పిలుస్తారు నన్ను?"

నాకు దుఃఖం ముంచుకొచ్చింది. వద్దని చెప్పాలని తెలుసు, చెప్పే ధైర్యం లేదు. రేపు తప్పితే ఈయన ఆ గోడౌన్ మనిషిలా మాటలు మానేస్తారేమో. తప్పకపోతే, రోజూ పక్కావిడ కనుబొమ్మ చూస్తూ బతకాలి.

అప్పుడు చూశాను, అత్తగారు గుమ్మం పట్టుకుని నిలబడి ఉన్నారు. ఎంతసేపట్నుంచి ఉన్నారో తెలీదు. కళ్లజోడు నా దగ్గరే ఉండటంతో ఆవిడకి మా మొహాలు సరిగ్గా కనిపిస్తూ ఉండవు.

"ఒరేయ్" అన్నారు. "మధ్యాహ్నం కాఫీ బాగాలేదురా. నోరు కాలిపోయినట్టయింది. పళ్లు ఇప్పటికీ జివ్వుమంటున్నాయి."

ఆవిడ కొడుకు మాటకి ఎదురు చెప్పడం నేను ఈ ఇంటికొచ్చాక అదే మొదటిసారి.

"మరి చెప్పలేదేంటమ్మా?" అన్నారాయన.

"నువ్వు బాగుందన్నావు కదరా."

"నేనంటే? నీ నోరు నీకు తెలీదా?"

"తెలుసు. కానీ నీకు తెలిసినంత నాకేం తెలుసులే అనుకున్నాను. నీ మొహం చూసి అనేశాను."

ఆయన చొక్కా పక్కన పెట్టారు. ఆ మాట ఆవిడ తన గురించే చెప్పుకున్నారు గానీ, తగిలింది ఆయనకి. తల్లిని కోప్పడటానికి తెరిచిన నోరు అలాగే మూసుకుపోయింది. లేచి వెళ్లి ఆవిడ చెయ్యి పట్టుకుని తీసుకొచ్చి కూర్చోబెట్టారు. మంచినీళ్లు తెచ్చి ఇచ్చారు. ఫోను చేతిలోకి తీసుకుని, పెట్టేసి, మళ్లీ తీసుకున్నారు.

ఆ గదికి పెద్ద దిక్కైన మేడమ్‌కి చేశారు. "శుక్రవారం సరుకు బయటికి పంపొద్దు మేడమ్. నా మార్కులు తీసేసి మళ్లీ రుచి చూడండి. నాకు వాసన తెలియట్లేదు" అన్నారు. ఎక్కడా తడబడలేదు. అవతల ఆవిడ ఏదో చెప్పింది, ఈయన "అలాగేనండి" అన్నారు.

"ఏమన్నారు?"

"రేపు పరీక్షకి కూర్చోవద్దంది. వచ్చి కనపడమంది. ముందు ముక్కు డాక్టరు దగ్గరికి వెళ్లమంది."

"గదిలోకి మళ్లీ రానిస్తారా?"

"ఆ మాట నేను అడగలేదు. ఆవిడా చెప్పలేదు."

పొద్దున్నే నేను మిషన్ ముందు నిలబడ్డాను. ట్యాంకులో నీళ్లు మార్చి, ఒక కప్పు ఉత్త వేడినీళ్లు వదిలి, పాడ్‌లు పెట్టి మూడు కప్పులు పట్టాను. సూదులు శుభ్రంగా ఉన్నాయి, పంపు గరగరమనలేదు, రబ్బరు బిగువుగా ఉంది. ఇంత ఆరోగ్యంగా ఉన్న మిషన్ని నేనెప్పుడూ చూడలేదు, దాన్ని చూస్తే ఏడుపొచ్చింది.

ముగ్గురం బల్ల చుట్టూ కూర్చున్నాం. ఆయన బొత్తాం కుట్టిన చొక్కా వేసుకున్నారు. కప్పు ఎత్తి ఒక గుక్క తాగారు. మేం ఎప్పట్లాగే కదలకుండా చూస్తున్నాం. ఆయన కప్పు కింద పెట్టలేదు. పెదవులు మడవలేదు. రెండు చేతులతో కప్పు పట్టుకుని నా వైపు తిరిగారు.

"నువ్వు చెప్పు. ఎలా ఉంది?"

"బాగుందండీ."

"అలా కాదు. నాకు తెలిసేలా చెప్పు."

ఇంకో గుక్క తాగి, నోట్లో ఉంచుకుని, మింగాను. "ముందు చేదుగా తగిలింది. తర్వాత... వేరుశనగలు వేయించేటప్పుడు పొట్టు మాడిన వాసన. మింగాక నాలుక చివర కొంచెం తీపిలాగా మిగిలింది. నేను తప్పు చెప్తున్నానేమోనండీ."

ఆయన కళ్లు మూసుకుని వింటున్నారు. "తప్పేం లేదు. అమ్మా, నువ్వు?"

అత్తగారు కప్పులోకి చూశారు, కొడుకు మూసిన కళ్ల వంక చూశారు. ఈసారి చూసి అనడానికి ఆ మొహంలో ఏమీ లేదు.

"నాకు ఆ తీపేం తగల్లేదురా. ఒట్టి చేదు" అన్నారు. "నాకు మొదట్నుంచీ ఇందులో పంచదార వేసుకోవాలని ఉంది."

నేను లేచి పంచదార డబ్బా తెచ్చాను. ఆవిడ రెండు చెంచాలు వేసుకుని, కలిపి, తాగారు.

"ఇప్పుడెలా ఉందమ్మా?" అన్నారాయన, కళ్లు తెరవకుండానే. "మెల్లగా చెప్పు."